గొంతు దొంగలు

"నేనే పగలగొట్టి ఉంటే ఆ తలుపు ముందు వెర్రివెధవలా నిలబడి ఉంటానా? ఈపాటికి మకావు చేరి హాయిగా ముసుగుతన్ని పడుకునేవాణ్ణి," అన్నాడు కూంగ్.

ప్రైవేట్ డిటెక్టివ్ సీటో యూన్ టోపీ తీసి బల్ల మీద పెట్టాడు. పోలీస్ స్టేషన్లో వెనక గది అది. బల్లకి అటు కూంగ్, ఇటు తను. మధ్యన పొద్దున పెట్టిన గంజి గిన్నె చల్లారి తెట్టు కట్టింది. చెంచా కదిలిన గుర్తు లేదు.

కూంగ్ సినిమా కంపెనీలో సౌండ్ ఇంజనీరు. శాన్‌ఫ్రాన్సిస్కోలో పని నేర్చుకుని వచ్చినవాడు. 'పడవ మీది పాట'కి మాటా పాటా పట్టింది అతనే. ఎనిమిది రీళ్ళ బొమ్మ. రీలుకొకటి చొప్పున ఎనిమిది పెద్ద గ్రామఫోను రికార్డులు. పైన రీలు తిరుగుతుంటే పక్కనే రికార్డు తిరగాలి. రెండూ కలిసి నడిస్తేనే తెర మీది మనుషులు మాట్లాడతారు, అదీ జనం ఇంట్లో మాట్లాడుకునే కాంటనీస్‌లో. రేపు మధ్యాహ్నం చంద్రోదయ థియేటర్లో మొదటి ఆట. నిన్న సాయంత్రం, దీపాలు పెట్టే వేళ, స్టూడియోలో రీళ్ళ గదిలోంచి పెద్ద చప్పుడు వినిపించింది. కాపలావాడు పరిగెత్తుకొస్తే, తాళాలు వేసిన తలుపు ముందు కూంగ్ ఒక్కడే నిలబడి ఉన్నాడు. డైరెక్టర్ లోక్ వచ్చి తలుపు తెరిచేసరికి లోపల రికార్డులన్నీ ముక్కలు.

"ఆ గదికి రెండు తాళాలు," అన్నాడు సీటో. "ఒక చెవి నీ దగ్గర, ఇంకోటి డైరెక్టర్ లోక్ దగ్గర. రెండూ ఉంటేగాని తలుపు తెరుచుకోదు. అవునా?"

"అవును. నా దగ్గరున్నది ఒకటే. చప్పుడు విని నేనూ పరిగెత్తుకొచ్చాను. లోపలికెలా పోతాను, గోడలోంచా?"

"లోక్‌తో గొడవ పడ్డావట."

"పడ్డాను. ఇప్పుడు కనిపించినా పడతాను. రికార్డులు రెండు సెట్లు వేయించారు. ఒకటి రేవులో దింపుతుంటే కిందపడి పగిలింది. మిగిలింది ఒక్కటే, ఇంకోటి అచ్చు వేయించండి మహాప్రభో అని నెలరోజులుగా మొత్తుకుంటున్నాను. అచ్చులు షాంఘైలో కరిగించేశారు, ఇక లేవు అంటాడు. ఏం బొమ్మండీ ఇది! షెడ్డు ఒకసారి కాలింది. హీరో సగంలో పారిపోయాడు. మన యాసలో సినిమాలేంటని ఉత్తరాది పెద్దమనుషులు కన్నెర్రజేశారు. వాటన్నిటినీ దాటుకుని వస్తే, ఆఖరికి నేను దొంగనయ్యాను."

వాటన్నిటికంటే పెద్ద దెబ్బ అతను చెప్పలేదు. చెప్పనక్కర్లేదు కూడా. బొమ్మలో ముసలి పాటగాడి వేషం వేసిన ఔయెంగ్ వసంతంలో చనిపోయాడు. ఎర్ర పడవల మీద నదుల వెంట ఊరూరా తిరిగి పాటల నాటకాలు ఆడిన మనిషి. ఎంతమంది అడిగినా ఏ రికార్డు కంపెనీకీ పాడలేదు. శిష్యుడు లోక్ కాళ్ళావేళ్ళా పడితే, బొమ్మ మన భాషలోనే బయటికి రావాలన్న ఒక్క షరతు మీద ఒప్పుకున్నాడు. ఆ గొంతు భూమ్మీద మిగిలింది ఆ రికార్డుల్లోనే. ఆయనకి ఇంకో శిష్యుడు కూడా ఉన్నాడు. గొంతు సరిగ్గా లేదని పోలీసుల్లో చేరి, అదీ వదిలేసి ప్రైవేట్ డిటెక్టివ్ అయినవాడు. సీటో, లోక్ ఆ పడవ మీద ఒకే చాప మీద పడుకున్నారు, ఒకే బెత్తంతో దెబ్బలు తిన్నారు.

"ముక్కలు చూశావా? నీ రికార్డులేనా?"

"చూడనిస్తేగా! సార్జెంట్ మూయ్ మెడ పట్టుకుని ఈడ్చుకొచ్చాడు. నా రికార్డు చీకట్లో చేతికిచ్చినా చెబుతాను. సినిమా రికార్డు మామూలుదానిలా అంచు నుంచి మొదలవదు, లోపల్నించి మొదలవుతుంది. సూది ఎక్కడ ఆనాలో లేబులు పక్కన నా చేత్తో బాణం గీశాను. ఎనిమిదింటి మీదా గీశాను."

"నీ తాళంచెవి ఎప్పుడైనా నీ ఒంటి మీంచి దిగిందా?"

"లేదు."

జవాబు మరీ తొందరగా వచ్చింది. సీటో అతని కోటు వంక చూశాడు. నీలం కోటు. లోపలి జేబు అంచుకి ఎర్ర పట్టుదారంతో కొత్తగా కుట్టు పడింది. ఏటవాలుగా, దగ్గరదగ్గరగా, ముడి కనపడకుండా వేసిన కుట్టు.

"అదెవరు కుట్టారు?"

"దర్జీ," అంటూ కూంగ్ కోటు దగ్గరికి లాక్కున్నాడు.

వేషాల బట్టలకి వేసే కుట్టు అది. పడవ మీద గురువుగారు బెత్తం పట్టుకుని నేర్పించారు. బజారు దర్జీలెవరికీ రాదు. సీటో ఇంకో ప్రశ్న అడగాల్సింది. అడగకుండా టోపీ పెట్టుకుని లేచాడు.

బయట వసారాలో సార్జెంట్ మూయ్ పళ్ళలో పుల్ల పెట్టుకుని గోడకానుకున్నాడు. ఒకప్పుడు ఇద్దరూ ఒకే గదిలో పనిచేశారు. ఒకరంటే ఒకరికి పడక, చివరికి ఇద్దరిలో ఒకరే మిగిలారు.

"ఏమన్నాడు మీవాడు? దయ్యం వచ్చి పగలగొట్టిందన్నాడా?"

"మూయ్, పగబట్టినవాడు రికార్డుల జోలికెందుకు పోతాడు? ఆ గదిలోనే బొమ్మ రీళ్ళున్నాయి. ఒక్క అగ్గిపుల్ల గీస్తే కంపెనీ మొత్తం బూడిదయ్యేది. రీళ్ళ మీద గోటి గీత కూడా పడలేదు. బొమ్మ బాగుండాలి, గొంతు మాత్రం పోవాలి. ఇదేం పగ?"

"పిరికివాడి పగ. అగ్గిపెట్టడానికి గుండె చాలలేదు."

"రెండో తాళం?"

"పోయిన వారం లోక్ తాళంచెవి ఒక పూటంతా కనపడలేదట. వీడు మారుచెవి చేయించుకున్నాడు."

"ఎవరు చెప్పారు?"

"లోకే."

"నాకు చెప్పలేదే! ఈ కేసు చూడమని నన్ను పిలిచింది అతనే కదా!"

మూయ్ పుల్ల తీసి నవ్వాడు. "నీకెందుకు చెప్తాడు? నువ్వు డిటెక్టివ్‌వి కావుగా, సాక్షివి. నిన్న సాయంత్రం లోక్ ఎక్కడున్నాడు?"

"అవతలి ఒడ్డున, నాతో. గురువుగారి పేరు మీద శాకాహార భోజనం పెట్టించాడు. సూపు తాగుతుండగానే ఫోనొచ్చింది."

"ఆ భోజనానికి పిలిచింది నువ్వా, అతనా?"

సీటో టోపీ సర్దుకుని మెట్ల వైపు కదిలాడు.

"నాకు కూంగ్ చాలయ్యా. ఇవాళో రేపో ఒప్పుకుంటాడు. నీ స్థానంలో నేనుంటే మాత్రం, ఇన్నేళ్ళూ గుర్తుకురానివాణ్ణి సరిగ్గా నిన్న సాయంత్రమే ఎందుకు గుర్తొచ్చానా అని ఓసారి ఆలోచించేవాణ్ణి. వెళ్ళు, వెళ్ళు. స్నేహితులంటూ లేనివాణ్ణి, నాకేం తెలుస్తుంది?"

స్టూడియో చేరేదాకా ఆ మాట సీటో చెవిలో జోరీగలా తిరుగుతూనే ఉంది.

రీళ్ళ గది సిమెంటు గది. కిటికీ లేదు. నేలంతా పగిలిన రికార్డుల నల్లటి పెంకులు. గోడ పొడుగునా ఉండే పలక ఒక చివర ఇనప కొక్కెం మీదే ఉంది. రెండో చివర నేలకి ఒరిగింది. రికార్డులు పేర్చింది ఆ పలక మీదేనని అందరికీ తెలుసు. ఎవరో పలకని లాగి పడేశారని మూయ్ రాసుకున్నాడు.

సీటో మోకాళ్ళ మీద కూర్చున్నాడు. ఒరిగిన చివరని మోసే చెక్కదిమ్మ కోసం వెతికాడు. పలకని లాగేస్తే దిమ్మ కిందపడి పెంకుల్లో దొర్లాలి. అది మాత్రం గది మూలన, గోడకి ఆనించి, బుద్ధిగా నిలబడి ఉంది. ఎవరో ముందే తీసి పక్కన పెట్టారు. దిమ్మ ఉండాల్సిన చోట సిమెంటు ఇంకా నల్లగా చెమ్మగా ఉంది. వేలితో రాస్తే రంపపు పొట్టు అంటుకుంది.

రంపపు పొట్టు. ఐసు ఫ్యాక్టరీ నుంచి ఐసు దిమ్మలు అందులోనే చుట్టుకొస్తాయి. షూటింగు రోజుల్లో స్టూడియో నిండా ఐసే. చప్పుడు మైకు పట్టేస్తుందని పంకాలు ఆపేస్తే, ఉక్కకి నటులు సొమ్మసిల్లకుండా తొట్లలో ఐసు దిమ్మలు పెట్టేవారు.

దిమ్మ తీసేసి ఐసు ముక్క పెడితే చాలు. మధ్యాహ్నం పెట్టిన ఐసు సాయంత్రానికి కరుగుతుంది. పలక దానంతట అదే ఒరుగుతుంది. పెట్టినవాడు ఆ వేళకి అవతలి ఒడ్డున సూపు తాగుతుండొచ్చు.

అప్పుడు గుర్తొచ్చింది. నిన్న తలుపు తీయగానే లోక్ అందరికంటే ముందు లోపలికి ఉరికాడు. సరిగ్గా అక్కడే కూలబడి, పెంకులు దోసిట్లోకి తీసుకుని గొల్లుమన్నాడు. లేవదీసినప్పుడు అంగీ వెనకంతా తడిసి ఉంది. పాపం, చెమటలో తడిసిపోయాడనుకున్నాడు సీటో. భుజం మీద చెయ్యేసి ఓదార్చాడు కూడా.

"సీటో బాబాయ్."

గుమ్మంలో సౌయిన్ నిలబడి ఉంది. ఔయెంగ్ ఒక్కగానొక్క కూతురు, బొమ్మలో కథానాయిక. తండ్రి పోయిన గుర్తుగా జడలో తెల్ల ఉన్ని పువ్వు పెట్టుకుంది. గడప దాటి లోపలికి రాలేదు.

"వదిలేయండి బాబాయ్. పగిలిందేదో పగిలింది. కూంగ్‌ని కూడా వదిలేయమని పోలీసువాళ్ళకి చెప్పండి. అతను అలాంటివాడు కాదు."

"ఇది మీ నాన్న గొంతమ్మా! వదిలేయమంటావేంటి?"

"ఎవరి గొంతో నాకు తెలీదా? పుట్టినప్పట్నించీ వింటున్నాను." నేల వంక చూడకుండానే అంది: "కొన్నాళ్ళు మకావులో అత్త దగ్గర ఉండి రమ్మన్నారు లోక్ బాబాయ్. కాసేపట్లో బయల్దేరుతున్నాను. మీకు చెప్పి వెళ్దామని వచ్చాను."

"వెళ్ళు తల్లీ. నీకు కావాల్సింది విశ్రాంతే. ఇది చేసినవాణ్ణి నేను చూసుకుంటాను."

ఆమె తలవంచి నమస్కరించి వెళ్ళిపోయింది. మెట్ల మీద చెప్పుల చప్పుడు తగ్గిపోయేదాకా సీటో అలాగే ఉండి, తర్వాత పెంకుల్లోంచి లేబుళ్ళున్న నడిమి ముక్కలు ఒక్కొక్కటే ఏరి వరసగా పేర్చాడు. 'పడవ మీది పాట', ఒకటో రీలు. రెండో రీలు. మూడు. ఎనిమిదీ దొరికాయి. గుమ్మం దగ్గరికి పట్టుకెళ్ళి ఎండలో తిప్పి తిప్పి చూశాడు.

ఒక్కదాని మీదా బాణం గుర్తు లేదు.

నీళ్ళలో నానిన ఒక లేబులు అంచు లేచింది. గోటితో మెల్లగా ఒలిచాడు. దాని కింద ఇంకో లేబులు ఉంది. పసుప్పచ్చ కాగితం మీద బాతుబొమ్మ. బజార్లో ఎక్కడపడితే అక్కడ దొరికే పాత నాటకం పాటల రికార్డు.

గురువుగారి గొంతు పగల్లేదు. ఎవరో మోసుకుపోయారు. పోయిందని ఊరంతా నమ్మాలని బజారు రికార్డులు పగలగొట్టారు. ఈ లేబుళ్ళు అచ్చు వేయించిందెవరో, గదిలోకి ఐసు ఎవరు తెప్పించగలరో, నిన్న సాయంత్రం ఎవరికి సాక్షి కావాల్సొచ్చిందో సీటో ఇంక ఎవర్నీ అడగనక్కర్లేదు. చేతిలో ముక్క పట్టుకుని అక్కడే నేల మీద కూర్చుండిపోయాడు. కోపం రాలేదు. నిన్నటి భోజనంలో లోక్ తన గిన్నెలోని పుట్టగొడుగులు తీసి అతని గిన్నెలో వేశాడు. 'నీకిష్టం కదరా' అన్నాడు.

తర్వాత ఆఫీసు ఫోను దగ్గరికెళ్ళి, పళ్ళు బిగబట్టి, మూయ్‌కి ఫోన్ చేశాడు.

లోక్ తన గదిలో బట్టలు సర్దుకుంటున్నాడు. నున్నగా దువ్విన జుట్టు, కొత్త సూటు. సీటోని చూడగానే మొహం విప్పారింది.

"రా తమ్ముడూ! టీ తాగుతావా? కూంగ్ ఒప్పుకున్నాడా?"

సీటో ఒలిచిన లేబులున్న ముక్కని బల్ల మీద పెట్టాడు. బాతుబొమ్మ పైకి.

లోక్ చాలాసేపు దాని వంక చూశాడు. టీ కెటిల్ కింద పెట్టాడు. తలుపు దగ్గరికి వచ్చి నిలబడ్డ మూయ్‌నీ చూశాడు.

"ఐసు బాగా పనిచేసిందన్నా," అన్నాడు సీటో. "మనం సూపు మొదలుపెట్టగానే పడింది. కొంచెం ముందు పడుంటే నువ్వింకా ఫెర్రీలో ఉండేవాడివి."

"నీకు తెలీదు," అన్నాడు లోక్. గొంతు మామూలుగానే ఉంది. "ఆ భాషలో ఉంటే ఈ బొమ్మ రేవు దాటదు. నాలుగు ఊళ్ళలో ఆడి డబ్బాలో కుళ్ళిపోతుంది. షాంఘైలో స్వర్ణహంస కంపెనీ వాళ్ళు తీసుకుంటామన్నారు. ఉత్తరాది భాషలో మళ్ళీ మాటలు పెడతారు. నన్నూ డైరెక్టర్‌గా పెట్టుకుంటారు. గురువుగారి మొహం దేశమంతా చూస్తుందిరా!"

"మొహం. గొంతో?"

"ఇంకొకరు పాడతారు."

"ఆయన నోటికి ఇంకొకడి గొంతు తగిలిస్తావన్నమాట. మంచం దగ్గర చెయ్యి పట్టుకుని మాటిచ్చావు. పక్కనే ఉన్నాను నేను."

"అందుకేగా ఇదంతా! ఇచ్చిన మాట తప్పలేకే!" లోక్ మొదటిసారి గొంతు పెంచాడు. "రికార్డులు పగిలిపోతే నేను తప్పినట్టు కాదు. ఎవడో పాపాత్ముడు పగలగొట్టాడు, నేనేం చేస్తాను? ఎవరికీ బాధ ఉండేది కాదు."

"కూంగ్‌కి?"

"నాలుగు నెలలు లోపలుంటాడు. బయటికొచ్చాక నేను చూసుకునేవాణ్ణి."

సీటో అడగాలనుకున్న ప్రశ్న ఒక్కటే. దారంతా అదే నోట్లో నానుతోంది.

"ఊళ్ళో డిటెక్టివ్‌లే లేరా? నన్నెందుకు పిలిచావన్నా?"

లోక్ తల దించుకున్నాడు. "నువ్వు చెబితే జనం నమ్ముతారు. గురువుగారు కూడా అనేవారు కదా, సీటోకి పాట రాదుగానీ అబద్ధం కూడా రాదని."

మూయ్ గొంతు సవరించుకున్నాడు. అతని మొహంలో వెక్కిరింత లేదు. "కూంగ్ తాళంచెవి నీ చేతికెలా వచ్చింది?"

"దొంగిలించాను," అన్నాడు లోక్ వెంటనే.

సీటో కిటికీలోంచి బయటికి చూశాడు. ఎర్ర పట్టుదారం కళ్ళముందు ఆడింది. ఈసారీ అడగలేదు.

"రికార్డులెక్కడ?"

"సౌయిన్ దగ్గర. ఆమె వెళ్తోంది మకావుకి కాదు, షాంఘైకి. కొత్త బొమ్మలోనూ ఆమే కథానాయిక. పెట్టె తీసుకెళ్ళి స్వర్ణహంస వాళ్ళకి ఇమ్మన్నాను. అందులో నాటకం కిరీటాలున్నాయని చెప్పాను, ఆమెకేమీ తెలీదు. అవి చేతికందితేగాని వాళ్ళు నా ఒప్పందం మీద సంతకం పెట్టరు. అందగానే పగలగొట్టేస్తారు. నా చేత్తో నేను..." అతను సర్దిన చొక్కా ఒకటి మళ్ళీ బయటికి తీశాడు. "చేతకాలేదురా."

"స్టీమరు?"

లోక్ గోడ గడియారం వంక చూశాడు. "లంగరు ఎత్తేసి ఉంటారు."

సీటో మూయ్ వైపు తిరిగాడు. ఈ మనిషిని ఏదైనా అడగడం కంటే నాలుక కోసుకోవడం నయమని అతను ఎన్నోసార్లు అనుకున్నాడు.

"నీకు లాంచి ఉంది," అన్నాడు.

"ఉంది," అన్నాడు మూయ్. "బతిమాలించుకుందామని ఉందిగానీ, టైము లేదు. పద."

రేవు ముఖద్వారం దగ్గర, కొండలు రెండువైపుల నుంచీ దగ్గరికొచ్చే చోట లాంచి స్టీమరుని అందుకుంది. మూయ్ జెండా ఊపించాడు. కెప్టెన్ తిట్టుకుంటూ ఇంజను తగ్గించి నిచ్చెన దింపాడు.

సౌయిన్ పైడెక్కు మీద అంచు కమ్మీల పక్కన కూర్చుని ఉంది. కాళ్ళ దగ్గర చాప చుట్టి తాడుతో కట్టిన చదునైన చెక్కపెట్టె. సీటోని చూసి లేచింది. ఆశ్చర్యపోలేదు.

"తల్లీ, ఈ పెట్టె నాకిచ్చెయ్యి. ఇందులో ఏముందో నీకు తెలీదు. లోక్ నిన్ను మోసం చేశాడు. ఇవి కిరీటాలు కావు, మీ నాన్న..."

"తెలుసు బాబాయ్," అంది సౌయిన్. "కూంగ్ జేబు నేనే కదా కుట్టింది. తాళంచెవి తీయడానికే చింపాను, తిరిగి పెట్టి కుట్టాను."

సీటో కమ్మీ పట్టుకున్నాడు. పొద్దుట్నించీ తెలుసు అతనికి. తెలిసీ, చూసిన కంటిని తనే మూసుకున్నాడు.

"ఎందుకమ్మా?"

"మీరు ఆ పడవ దిగి పారిపోయారు. నేను పారిపోలేకపోయాను." ఆమె గొంతు చల్లగా ఉంది. "పాపగా ఉన్నప్పట్నించీ పాడుతున్నాను. తప్పయితే బెత్తం, ఒప్పయితే మౌనం. బాగుందే అమ్మాయీ అని ఒక్కసారి, ఒక్కటంటే ఒక్కసారి ఆ నోట రాలేదు. మా ఇద్దరి పాట ఏడో రీల్లో ఉంది చూడండి, అది తీసిన రోజు ప్రాణం పెట్టి పాడాను. పాటయ్యాక నేను ఆయన్ని వదిలేసి మెట్లు దిగి వెళ్ళిపోవాలి. మెల్లగా దిగాను. వెనక నుంచి ఏమైనా అంటాడేమోనని. డోళ్ళ మోతే వినిపించింది. కిందికి దిగి చూసేసరికి కుర్చీలో కూర్చుని టీ తాగుతున్నాడు. రేపు ఆ బొమ్మ వస్తే నేనెవర్ని? జనం ఆయన కోసం ఏడుస్తారు. నేను జన్మంతా ఔయెంగ్ కూతుర్ని. షాంఘైలో ఆ పేరెవరికీ తెలీదు."

"అందుకని కూంగ్‌ని జైల్లో పెట్టిస్తావా? నీకోసం నోరు మెదపకుండా కూర్చున్నాడు ఆ పిచ్చివాడు."

ఆమె మొహం మొదటిసారి చెదిరింది. "అతన్ని పట్టుకుంటారని లోక్ బాబాయ్ చెప్పలేదు. ప్రమాదంగా పడిపోయినట్టు ఉంటుందన్నారు."

"మీ అందరికీ ఆయన ఒక్కొక్కటి చెప్పాడు," అన్నాడు సీటో. "తెరువు."

ఆమె తాడు విప్పింది. కూంగ్ గీసిన బాణాలు ఎండలో స్పష్టంగా కనిపించాయి. సీటో ఒక్కొక్కటే ఎత్తి చూశాడు. ఆరో రీలు తర్వాత ఎనిమిదోది వచ్చింది.

"ఏడోది?"

"లేదు. పొద్దున మీతో చెప్పి వచ్చాక, ఫెర్రీలోంచి నీళ్ళలో వదిలేశాను. అది షాంఘైదాకా మోయాలనిపించలేదు. మిగతావి తీసుకెళ్ళండి. లోక్ బాబాయ్ ఒప్పందం ఏమైనా నాకు బాధ లేదు."

చెయ్యి లేవబోయింది సీటోకి. పడవ మీద ఆ పిల్లని భుజాన మోసినవాడు. చెయ్యి దించుకుని పెట్టెకి మళ్ళీ తాడు కట్టాడు. ఆమె మళ్ళీ తలవంచి నమస్కరించింది. అతను తిరిగి నమస్కరించలేదు.

నిచ్చెన దగ్గర మూయ్ అంతా విన్నాడు. "దింపమంటావా?" అని మెల్లగా అడిగాడు.

"కేసు నీది."

మూయ్ గడ్డం గోక్కున్నాడు. "తాళంచెవి దొంగిలించింది తనేనని లోక్ నా ముందే ఒప్పుకున్నాడు. సరుకు దొరికింది. నాకది చాలు." కెప్టెన్ వైపు చెయ్యి ఊపాడు. స్టీమరు ఇంజను మళ్ళీ గర్జించింది.

వాళ్ళు తిరిగొచ్చేసరికి కూంగ్‌ని వదిలిపెట్టారు. రేవు మెట్ల మీద నిలబడి ఎదురుచూస్తున్నాడు. లాంచి ఆగీ ఆగకముందే దూకి పెట్టె అందుకుని, అక్కడే మెట్టు మీద కూర్చుని విప్పాడు. రికార్డులు తీసి అంచులు తడిమాడు. మొహం నిండా నవ్వు. అంతలో వేళ్ళు ఆగిపోయాయి.

"ఏడోది ఏదండీ?"

సీటో చెప్పాడు. ఎక్కడ పోయిందో చెప్పాడు, ఎవరు వదిలేశారో కూడా చెప్పాడు. ఆ రోజంతా అబద్ధాలు విని విని, ఇంకోటి కల్పించే ఓపిక అతనికి లేదు.

కూంగ్ చేతిలోని రికార్డు ఒళ్ళో పెట్టుకున్నాడు. చెయ్యి తనకు తెలియకుండానే కోటు జేబు మీదికి పోయింది.

"తాళంచెవి తీసిందని నాకు తెలుసు," అన్నాడు. "వాళ్ళ నాన్న గొంతు ఒక్కతే కూర్చుని వినాలని తీసిందనుకున్నాను. అందుకే చెప్పలేదు. రికార్డులు పరీక్షించినప్పుడల్లా ఏడో రీలు రాగానే లేచి బయటికి పోయేది. ఏడుపొస్తుందేమో అనుకునేవాణ్ణి."

"రేపు ఆ ఒక్క రీలు మూగగా నడుస్తుంది," అన్నాడు మూయ్. "మిగతాదంతా ఉంది కదా. ఆట ఆగదులే."

కూంగ్ అతని మాట విన్నట్టు లేదు. సీటో వైపే చూస్తున్నాడు.

"అందులో ఒక మాటుందండీ. స్క్రిప్టులో లేదు. పాటయిపోయింది, ఆ అమ్మాయి మెట్లు దిగుతోంది, డోళ్ళు మోగుతున్నాయి. ఆయన మైకు కిందే ఉన్నాడు. చాలా చిన్నగా అన్నాడు. నా చెవులకున్న మిషన్లోనే వినపడింది, ఇంకెవరికీ వినపడలేదు. 'నాకంటే బాగా పాడింది' అన్నాడు. రెండుసార్లు అన్నాడు. రికార్డు విని, మళ్ళీ తీద్దామన్నాడు లోక్. నేను ఒప్పుకోలేదు, కొట్లాడాను. ఆమెకి మాత్రం చెప్పలేదు. రేపు హాల్లో, అంతమంది మధ్య, తనే వినాలని..."

మాట పూర్తి చెయ్యలేక రికార్డులు మళ్ళీ పెట్టెలో సర్దడం మొదలుపెట్టాడు. వరస తప్పుతున్నాడు. తీసి మళ్ళీ సర్దుతున్నాడు.

సీటో నీళ్ళ వైపు తిరిగాడు. కొండల మధ్య స్టీమరు లేదు. పొగ మాత్రం కొంచెం మిగిలింది.

మూయ్ టోపీ తీసి చేతిలో పట్టుకున్నాడు. "ఆ ఓడలో వైర్‌లెస్ ఉంది," అన్నాడు. "కబురు పంపాలంటే ఇప్పుడే చెప్పు. నేను పంపిస్తాను."

ఆ కబురు చేరితే ఆ పిల్ల ఏమవుతుంది? చేరకపోతే ఏమవుతుంది? కూంగ్ కూడా సర్దడం ఆపి తలెత్తి అతని నోటి వైపే చూస్తున్నాడు.

"కాగితం తెప్పించు," అన్నాడు సీటో చివరికి.

మూయ్ కాగితం తెప్పించాడు. పెన్సిల్ అతని చేతిలో పెట్టాడు. సీటో పైన సౌయిన్ పేరు రాశాడు. ఫెర్రీ వచ్చి జనం దిగిపోయి, మళ్ళీ నిండి వెళ్ళిపోయినా, ఆ పేరు కింద ఇంకో అక్షరం పడలేదు.